సారు తీసిన సముద్రం

మా సారుకు ఈత రాదు. సముద్రం మీద బతికే మనుషుల గురించి ఏళ్ల తరబడి డాక్యుమెంటరీలు తీసిన మనిషికి ఈత రాదంటే నమ్మడం కష్టమే గాని, ఆయన పుట్టిన ఊరిని చూసినవాళ్లకు అది పెద్ద వింతగా తోచదు. ఉమ్మడి నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలంలో చెలకల నడుమ ఉన్న ఊరది. అక్కడి చెరువు నిండిన సంవత్సరాలను వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. బోరులో పడ్డ నీళ్లేమో ఫ్లోరైడ్ నీళ్లు. చిన్నప్పటి నుంచి ఆ నీళ్లే తాగడం వల్ల సారు పళ్ల మీద గోధుమరంగు చారలుండేవి, మెడ పూర్తిగా వంగేది కాదు. పక్కకు చూడాలంటే భుజాలతో సహా తిరిగేవాడు, కెమెరా కంటికి కన్ను ఆనించాలంటే నడుము దగ్గర వంగేవాడు. దూరం నుంచి చూసేవాళ్లకు ఆయన కెమెరాకు దండం పెడుతున్నట్టు కనిపించేది.

నేను ఆయన దగ్గర చేరింది 2002లో. అంతకు ముందు నల్లగొండ గడియారం సెంటరుకు దగ్గరలోని ఒక స్టూడియోలో పెళ్లి వీడియోలకు లైటు పట్టుకునే పని చేసేవాణ్ణి. ఆ పనిలో నేను అందరికన్నా ఎక్కువసార్లు పలికిన మాట "ఇంకోసారి" అన్నది. తలంబ్రాలు ఇంకోసారి పోయండి, అప్పగింతలప్పుడు ఇంకోసారి ఇటు తిరిగి ఏడవండి అని పెళ్లికూతురి తల్లికే చెప్పిన ఘనత మాది. మూడు ముళ్లు పడ్డాక కూడా, ఎవరిదో తల అడ్డం వచ్చిందని, పెళ్లికొడుకు చేత పుస్తెల తాడును మళ్లీ పట్టించిన రోజులున్నాయి. సారు ఒక పెళ్లికి చుట్టంగా వచ్చి, నేను మైకు తీగలు చుట్టే తీరు చూసి, "తమ్మీ, నాతోని సముద్రం కాడికి వస్తవా?" అని అడిగారు. అప్పటికి నేను సముద్రాన్ని సినిమాల్లో పాటలప్పుడు తప్ప చూసి ఉండలేదు.

నల్లగొండలో విశాఖ ఎక్స్‌ప్రెస్ ఎక్కితే శ్రీకాకుళం రోడ్డు స్టేషనులో దిగవచ్చు. ఆ ప్రయాణంలో సారు దగ్గర ఒక మినీ డీవీ కెమెరా, నలభై టేపులు, నా దగ్గర ఒక మినీడిస్క్ రికార్డరు, గాలి తొడుగు వేసిన పొడుగాటి మైకు ఉన్నాయి. నల్లగొండవాడికి సముద్రంతో ఏం పని అని రైల్లో ఎవరో ఒకరు అడగక మానరు. దానికి సారు దగ్గర జవాబు సిద్ధంగా ఉండేది. కాకతి గణపతిదేవుడు 1244లో మోటుపల్లి రేవులో వేయించిన అభయ శాసనం సంగతి చెప్పేవారు. తుఫానుకు చెదిరి ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడల్లోని సరుకంతా పూర్వపు రాజులు లాక్కునేవారట. గణపతిదేవుడు తాను నిర్ణీత సుంకం తప్ప మరేమీ ముట్టనని సముద్ర వర్తకులకు రాతి మీద మాట ఇచ్చాడు. ఓరుగల్లులో కూర్చున్న రాజు ఓడ మునిగినవాడి బాధ గురించి ఆలోచించాడు గదా, మనం ఆలోచిస్తే తప్పేమిటి అన్నది సారు వాదన. మా నకిరేకల్ పక్కన అక్కెనపల్లిలో దొరికిన రోమను నాణేలు సముద్రం దాటకుండా ఎట్లా వచ్చాయని ఎదురు ప్రశ్న కూడా వేసేవారు. అడిగినాయన సాధారణంగా గుంటూరు రాకముందే నిద్రపోయేవాడు.

మేము ఉన్నది కళింగపట్నానికి దగ్గరలో, వంశధార సముద్రంలో కలిసే చోటికి కొంచెం ఎడంగా ఉన్న ఒక జాలరి పల్లెలో. 2003 జనవరి నుంచి మార్చి దాకా ఒక పూరింట్లో అద్దెకున్నాము. మొదటి పది రోజులు సారు కెమెరాను సంచిలోంచి బయటికే తీయలేదు. తెల్లవారుజామున ఒడ్డుకు పోయి కూర్చోవడం, పడవలు వచ్చాక లేచి నిలబడటం, వాళ్లు రమ్మంటే ఒక చేయి వేయడం, అంతే. నాకేమో రోజు కూలీ దండుగ అవుతున్నదన్న బాధ.

ఆ పది రోజుల్లో నేను చూసినవి తరువాతి ఇరవై ఏళ్లలో కూడా మరిచిపోలేదు. ఆ తీరానికి రేవు లేదు, గోడ లేదు. ఏ పడవైనా ఇసుక మీది నుంచి నేరుగా అలల్లోకి దూకవలసిందే. తెప్ప అంటే మేము అనుకున్నట్టు పడవ కాదు. తేలిక కలప దుంగలను పక్కపక్కన పేర్చి తాడుతో బిగించిన కట్టు. వేట నుంచి రాగానే ఆ కట్లు విప్పి, దుంగలను విడివిడిగా ఇసుక మీద ఆరబెట్టేవారు, లేకపోతే నీరు పీల్చి బరువెక్కుతాయి. మరునాడు తెల్లవారకముందే మళ్లీ కట్టుకోవాలి. అంటే ఆ మనిషి ప్రతి రోజూ తన వాహనాన్ని కొత్తగా తయారు చేసుకుంటాడన్నమాట. అప్పటికే ఫైబరు తెప్పలు, వాటి వెనుక తగిలించే ఇంజిన్లు చాలా ఊళ్లకు వచ్చేశాయి గాని, ఈ పల్లెలో ముసలివాళ్లు ఇంకా దుంగలనే నమ్ముకున్నారు. పెద్దవల వేసే పడవ సంగతి మరీ ఆశ్చర్యం. దానికి ఎక్కడా మేకు ఉండదు. పలకలను కొబ్బరి పీచు తాడుతో కుడతారు, సందుల్లో పీచు కూరుతారు. మేకులు కొట్టి బిర్రుగా బిగించిన పడవ అల విరిగి ఇసుకకు కొట్టుకుంటే పగులుతుంది, కుట్టిన పడవ కొంచెం సాగి, కొంచెం నలిగి, దెబ్బను మింగుతుంది. ఆ పడవ లోపల కూర్చుని చెవి పెట్టి వింటే కుట్లన్నీ కిర్రుమని కదులుతుంటాయి. నా జీవితంలో నేను మనసు పెట్టి రికార్డు చేసిన మొదటి శబ్దం అదే.

పదకొండో రోజున, ఇసుక మీద కూర్చుని వల బాగుచేస్తున్న ఒక తాత, వెదురు సూదిని పళ్ల మధ్య పెట్టుకుని సారు మొహంలోకి చాలాసేపు చూసి, "ఏటి బావూ, ఆ పళ్లలగున్నాయి? కిల్లీ తెగ నములుతావేటి?" అని అడిగాడు. సారు నవ్వి, కిల్లీ కాదు తాతా, నీళ్లు అన్నారు. మా ఊరిలో నీళ్లు తాగితే పళ్లకు రంగు పడుతుందని, కొందరికి కాళ్లు వంకర పోతాయని, లేచి నడవలేనివాళ్లు కూడా ఉన్నారని విడమరచి చెప్పారు. తాత సూది తీసి పక్కన పెట్టాడు. "కూడికి పనికొచ్చే సంద్రం మాకుంది, తాగడానికి పనికిరాదు. మీకు తాగే నీళ్లే ఇసమా?" అని కాసేపు ఊరకున్నాడు. తరువాత మమ్మల్ని ఇంటికి తీసుకుపోయి, వేటకు పోయేటప్పుడు తెప్పకు కట్టుకునే నీళ్ల క్యాను చూపించాడు. లీటరు సముద్రపు నీటిలో దాదాపు 35 గ్రాముల ఉప్పు ఉంటుందని నేను తరువాత పుస్తకంలో చదువుకున్నాను. ఆ రోజు మాత్రం, చుట్టూ కనుచూపు మేర నీళ్లున్న చోటికి పోయేవాడు అన్నిటికన్నా ముందు నీళ్ల క్యాను సర్దుకుంటాడన్న విషయం చూసి నోట మాట రాలేదు. మరునాడు సారు కెమెరా బయటికి తీశారు. మొదట తీసిన బొమ్మ ఆ క్యానుదే.

ఇక నా తప్పు సంగతి చెప్పాలి. పెద్దవల లాగడం ఆ పల్లెలో చిన్నపాటి జాతర. వల తాడు ఒక కొసను ఒడ్డున ఉంచి, పడవ అర్ధచంద్రంగా తిరిగి వలను వదులుతూ రెండో కొసను దూరంగా ఒడ్డుకు చేరుస్తుంది. అటు ఇరవై మంది, ఇటు ఇరవై మంది తాళ్లు పట్టుకుని, వెనక్కి నడుస్తూ, ఒకరు పాట ఎత్తుకుంటే మిగిలినవాళ్లు అందుకుంటూ గంటల తరబడి లాగుతారు. వల దగ్గరయ్యేకొద్దీ పాట వేగం మారుతుంది, సంచి ఒడ్డుకు వచ్చేటప్పటికి మాటలు పోయి ఒట్టి ఊపిరే మిగులుతుంది. ఆ రోజు సారు మూడు టేపులు తీశారు. నేను మోకాలి లోతు నీళ్లలో నిలబడి, చేతులు నొప్పి పుట్టేదాకా మైకు పట్టుకున్నాను. రాత్రి విందామని చెవులకు తగిలించుకుంటే ఏమీ లేదు. రికార్డు మీట నొక్కిన నేను, పాజ్ తీయలేదు. ఎర్ర దీపం వెలుగుతూ ఆరుతూ ఉండటం చూసి, అది నడుస్తున్నదనే అనుకున్నాను. కెమెరాకున్న చిన్న మైకులో అల చప్పుడు, గాలి తప్ప మరేమీ పడలేదు.

సారుకు చెప్పడానికి భయపడి, పెళ్లి వీడియోల బుద్ధి కొద్దీ, తెల్లవారుజామునే నేనొక్కణ్ణీ పోయి పాట ఎత్తుకునే ఆయనను బతిమాలాను. వాళ్లు మంచివాళ్లు. వేట లేని పూట కాబట్టి పది మంది వచ్చి ఇసుకలో వరుసగా నిలబడి పాడారు. రికార్డరు ఈసారి సక్రమంగా నడిచింది. అయితే ఆ పాట పాటలాగా లేదు. అందరూ ఒకే వేగంతో, గొంతు సవరించుకుని, బడిలో ప్రార్థన పాడినట్టు పాడారు. పాడిన ఆయనకే నవ్వు వచ్చింది. "ఇది వలతో పాటు వచ్చేది బావూ. సేతిలో బరువు నేకపోతే గొంతులోకి రాదు" అన్నాడు.

సారు అది విని నన్ను తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేదని ఇప్పటికీ అనిపిస్తుంది. ఆ సాయంత్రం ఇసుకలో కూర్చోబెట్టి రాబర్ట్ ఫ్లహర్టీ సంగతి చెప్పారు. ఐర్లండు పడమటి తీరాన ఆరాన్ దీవుల మీద ఆయన 1934లో తీసిన 'మ్యాన్ ఆఫ్ ఆరాన్' చిత్రాన్ని సారు పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివే రోజుల్లో చూశారట. అందులో పెద్ద సొరచేపలను బల్లేలతో వేటాడే ఘట్టం చూసి ఒళ్లు గగుర్పొడిచిందట. ఆ వేట ఆ దీవిలో ఎన్నో ఏళ్ల కిందటే ఆగిపోయిందని, సినిమా కోసం ఆ మనుషులకు కొత్తగా నేర్పించారని, తండ్రి, తల్లి, కొడుకుగా కనిపించే ముగ్గురూ అసలు ఒక కుటుంబమే కాదని తరువాత తెలిసింది. ఆ సినిమా గొప్పదే, కాని తాను ఆ పని చేయనని సారు అన్నారు. "పాణాలు పణంగ పెట్టి చేసే పనిని, కెమెరా కోసం ఇంకోసారి చెయ్యమనే హక్కు మనకెక్కడిది తమ్మీ" అని. ఇటలీలో విట్టోరియో డి సెటా అనే ఆయన గురించి కూడా అప్పుడే చెప్పారు. సిసిలీ, సార్డీనియా, కలాబ్రియా ప్రాంతాల జాలర్లు, గనికార్మికులు, గొర్రెల కాపరుల మీద 1954 నుంచి 1959 మధ్య చిన్న చిన్న చిత్రాలు తీసి, వ్యాఖ్యానం అన్నది లేకుండా, వాళ్ల కేకలు, పాటలు, పని చప్పుళ్లతోనే నడిపించాడట. అప్పటికి సారు ఆ చిత్రాలు చూడలేదు, వాటి గురించి చదివారు అంతే. చాలా ఏళ్ల తరువాత నేను వాటిని చూశాను. మెస్సీనా జలసంధిలో కత్తిచేపను వెతుకుతూ స్తంభం కొస మీద నిలబడ్డ మనిషి కిందికి వేసే కేక విన్నప్పుడు, మన ఒడ్డున పాట ఎత్తుకునే ఆయన గుర్తుకొచ్చి చిత్రాన్ని కాసేపు ఆపేశాను.

మళ్లీ పెద్దవల వేసే రోజు కోసం మేము ఎదురు చూశాము. ఒకసారి నీటి వడి కుదరలేదు, ఒకసారి ఊరిలో చావు జరిగింది, ఆ తరువాత మా డబ్బులు అయిపోయాయి. చివరికి ఎడిటింగు బల్ల దగ్గర సారు ఒక నిర్ణయం తీసుకున్నారు. పెద్దవల ఘట్టం నాలుగు నిమిషాలూ మూగగా ఉంటుంది. సంగీతం పెట్టరు, ఇసుకలో పాడిన పాట అతికించరు. నోళ్లు తెరుచుకుంటాయి, మెడ నరాలు ఉబ్బుతాయి, పాదాలు ఇసుకలో దిగుతాయి, వినపడేది ఏమీ ఉండదు. నా తప్పు తెర మీద నాలుగు నిమిషాల పాటు కనిపిస్తుందన్నమాట. ఆ చిత్రాన్ని ఎక్కడ వేసినా ఆ నాలుగు నిమిషాలప్పుడు నేను బయటికి పోయి బీడీ కాల్చుకునేవాణ్ణి. ఒక పెద్దమనిషి దాన్ని చూసి, ఆ నిశ్శబ్దం ఎంతో లోతైన కళాత్మక ప్రయోగమని మెచ్చుకున్నాడు. సారు నన్ను చూపించి, ఆ ప్రయోగం వీడిది అన్నారు.

2004 వేసవిలో ఆ చిత్రాన్ని సారు సొంత ఊరిలో, పంచాయతీ ఆఫీసు ముందు, రెండు వెదురు గుంజలకు తెల్ల ధోవతి కట్టి వేశాము. కరెంటు మీద నమ్మకం లేక జనరేటరు తెచ్చి బడి వెనుక పెట్టాము. జనం మంచాలు, గోనె సంచులు తెచ్చుకున్నారు. నడవలేని ఒకాయనను కొడుకు వీపు మీద మోసుకొచ్చి ముందు వరుసలో కూర్చోబెట్టాడు. ఆ ఊరిలో సముద్రం చూసినవాళ్లు, తిరుపతి పోయి వస్తూ దారి తప్పిన ఇద్దరు ముగ్గురు తప్ప ఎవరూ లేరు. కుట్టిన పడవను చూసి, చెప్పులు కుట్టినట్టే ఉన్నదని ఒకాయన అన్నాడు. అది ఆయన కులవృత్తి, ఆ కుట్టు ఎట్లా పడిందో చూడాలని తెర దాకా నడిచిపోయాడు. చేపల గంపలు మోసుకుపోయే ఆడవాళ్లను చూసి మా ఆడవాళ్లు వాళ్ల చీరకట్టు గురించి మాట్లాడుకున్నారు.

పెద్దవల ఘట్టం వచ్చింది. అలవాటు ప్రకారం నేను లేచి జనం వెనక్కి నడిచాను. తెర మీద నలభై మంది గొంతులేని మనుషులు తాడు లాగుతున్నారు. ఒక నిమిషం ఎవరూ ఏమీ అనలేదు. ఎక్కడో మధ్యలోంచి ఒక ముసలి గొంతు, బురదలో దిగబడ్డ బండిని నలుగురు కలిసి నెట్టేటప్పుడు అన్నట్టు, "జోర్సే... ఐసా!" అన్నది. నవ్వులు వినిపించాయి. మరొకరు అందుకున్నారు. ఇంకొంచెం సేపటికి పిల్లలు, ఆ తరువాత మంచాల మీది మగవాళ్లు, తెర మీది చేతులు వెనక్కి పోయినప్పుడల్లా "ఐసా" అనడం మొదలుపెట్టారు. మొదట్లో తాడుకూ కేకకూ పొంతన కుదరలేదు. రెండో నిమిషం దాటాక కుదిరింది. వల సంచి ఒడ్డుకు వచ్చి చేపలు ఎగిరిపడేసరికి ఊరంతా చప్పట్లు కొట్టింది. సారు చీకట్లో నన్ను వెతుక్కుంటూ, భుజాలతో సహా అటూ ఇటూ తిరుగుతూ వచ్చి, "తమ్మీ, రికార్డు చేసినవా?" అని అడిగారు. రికార్డరు నల్లగొండలో, నా గది గూట్లో ఉన్నది.

చిత్రం అయిపోయాక వెనుక కూర్చున్న ఒక అవ్వ, కర్ర మీద ఆనుకుని, మెడ ఎత్తలేక కిందికి చూస్తూనే సారుతో మాట్లాడింది. "బిడ్డా, గన్ని నీళ్లున్నయి గదా, ఒక్క బిందెడన్న తాగరాదా?" అని అడిగింది. రాదవ్వా, ఉప్పు అన్నారు సారు. "ఒక్క బిందెడు గూడ?" అన్నది మళ్లీ. ఒక్క బిందెడు కూడా రాదన్నారు. ఆమె కొంచెంసేపు ఆలోచించి, "మరి గంతసేపు గవ్వే నీళ్లు ఎందుకు సూపెట్టినవ్?" అన్నది. సారు చాలా చోట్ల మాట్లాడారు, చాలామంది ప్రశ్నలకు జవాబులు చెప్పారు. మోటుపల్లి శాసనం దగ్గర నుంచి మొదలుపెట్టి ఎవరినైనా నోరు మూయించగలిగే మనిషి, ఆ ప్రశ్నకు మాత్రం అవ్వను పట్టుకుని ఇంటిదాకా దిగబెట్టి వచ్చారు, అంతే.

ఆ ప్రశ్న ఆయనను వదలలేదనుకుంటాను. 2005 చలికాలంలో, డబ్బు ఇచ్చేవాళ్లు ఎవరూ లేకపోయినా, మేమిద్దరమూ బస్సెక్కి నాగార్జునసాగర్ వెనుక నీళ్ల వైపు, పుట్టంగండికి పోయాము. సాగర్‌కు 1955 డిసెంబరు 10న పునాది పడింది, 1967లో కాలువలకు నీళ్లు వదిలారు. ఆ నీటి నిలువలో చేపలు పెరిగాక, శ్రీకాకుళం, విశాఖ తీరాల నుంచి జాలరి కుటుంబాలు వేటకు వచ్చి, ఆ ఒడ్డున గుడిసెలు వేసుకుని ఉండిపోయాయి. మా సముద్రపు జాలర్ల చుట్టాలే మా జిల్లాలో ఉన్నారన్నమాట. పుట్టంగండిలో ఎత్తిపోసే కృష్ణ నీళ్లు అక్కంపల్లి మీదుగా హైదరాబాదు నల్లాలకు కూడా పోతాయి. అదే జిల్లాలో, మెట్ట మీద ఉన్న సారు ఊరికి అప్పటికింకా రాలేదు. దాని గురించి సారు ఏమీ అనేవారు కాదు, పైపుల పక్క నుంచి పోయేటప్పుడు మాత్రం భుజాలు అటు తిప్పేవారు.

మమ్మల్ని నాటు పడవలో ఎక్కించుకున్న తాత అక్కడికి వచ్చి ముప్పై ఏళ్లు దాటిందన్నాడు. భాష మారలేదు. లోతును బారల్లోనే చెబుతున్నాడు. వల వేసిన చోటును గుర్తుపెట్టుకోవడానికి, సముద్రంలో ఒడ్డు మీది గుడి శిఖరాన్నీ వెనుక కొండనూ ఒక వరుసలోకి తెచ్చుకున్నట్టే, ఇక్కడ రెండు నల్లమల కొండలను ఒకదాని వెనుక ఒకటి చేర్చి చూసుకుంటున్నాడు. వలలో బొచ్చె, రవ్వ, జెల్ల పడ్డాయి. ఈసారి నేను మీటలు మూడుసార్లు చూసుకున్నాను. పాజ్ తీసే ఉంది. ఎర్ర దీపం నిలకడగా వెలుగుతున్నది.

ఎండ ఎక్కాక తాత తెడ్డు ఒళ్లో పెట్టుకుని, మాతో ఏదో చెబుతూనే, పడవ అంచు మీది నుంచి పక్కకు వంగి, దోసిలితో నీళ్లు ముంచుకుని గటగట తాగాడు. మిగిలిన తడిని మొహానికి రాసుకున్నాడు. అటు చూడకుండానే, "ఇక్కడ సంద్రం తియ్యగుంటాది బావూ" అన్నాడు.

సారు నడుము వంచి కెమెరాకు కన్ను ఆనించే ఉన్నారు. టేపు తిరుగుతున్నది, బొమ్మ పడింది, నీళ్లు దోసిలి సందుల్లోంచి జారిన చప్పుడు కూడా పడింది. ఏదీ తప్పిపోలేదు. ఆ టేపు నా దగ్గరే ఉన్నది. అందులో పడవ అంచుకు అల తగిలే చప్పుడు కొంతసేపు, ఆ తరువాత మెల్లగా, కొంచెం సిగ్గుపడుతున్నట్టుగా సారు గొంతు వినపడుతుంది.

"తాతా, ఇంకోసారి తాగవా."